పర్యాయపదాలు పనికిరాని చోటు

(రేడియో మహిళా కార్యక్రమంలో ప్రసారమైన ప్రసంగ పాఠం)



పదో తరగతి తెలుగు ప్రశ్నపత్రం మీలో చాలామందికి ఇంకా జ్ఞాపకం ఉండే ఉంటుంది. అందులో మార్కులు పోని ప్రశ్నలు రెండు ఉండేవి. ఒకటి పర్యాయపదాలు, రెండోది నానార్థాలు. పర్యాయపదాలంటే ఒకే వస్తువుకి పలు పేర్లు. కమలం, పద్మం, నలినం, రాజీవం, తామర అని గుక్క తిప్పుకోకుండా అప్పజెప్పేవాళ్ళం. నానార్థాలంటే ఒకే మాటకి పలు అర్థాలు. కరము అంటే చెయ్యి, కిరణం, ఏనుగు తొండం, కట్టే పన్ను. వ్యాసంలో ఒకే మాట రెండుసార్లు వస్తే మాస్టారు ఎర్రసిరాతో గీత గీసి "వేరే మాట దొరకలేదా?" అని ప్రక్కన వ్రాసేవారు. మాట మార్చి మార్చి వ్రాసినవాళ్ళే తెలివైనవాళ్ళు.

ఈ రెండు తెలివితేటలూ పెద్ద దోషాలుగా మారిపోయే వ్రాత ఒకటి ఉంది. ఈవేళ దాని గురించే మీతో మాట్లాడతాను. సాఫ్ట్‌వేర్ తయారుచేసేవాళ్ళకి కొన్ని పనిముట్లు ఉంటాయి. వడ్రంగికి ఉలీ బాడిసా ఉన్నట్టే. కాకపోతే అవి చేత్తో పట్టుకునేవి కావు, అవీ ప్రోగ్రాములే. ఆ పనిముట్టుని ఎలా అమర్చుకోవాలి, ఏ ఆజ్ఞ ఇస్తే ఏం జరుగుతుంది, ఎక్కడ జాగ్రత్తపడాలి అన్నదంతా వ్రాసి ఉంచుతారు. దాన్నే డాక్యుమెంటేషన్ అంటారు. మనం సూచనల పుస్తకం అనుకుందాం. పుస్తకమంటే అట్ట వేసిన పుస్తకం కాదు, తెరమీద చదువుకునే వందలాది పేజీలు. ఆ వందల పేజీలూ ఒకే తీరున, ఒకే మాటమీద నిలబడేట్టు వ్రాయడం ఎలాగన్నదే నేటి విషయం.

"మనకెందుకమ్మా ఈ గొడవ" అని రేడియో కట్టెయ్యకండి. మనలో ఎంతోమంది పిల్లలు హైదరాబాదులోనో, బెంగుళూరులోనో, అమెరికాలోనో ఈ పనిముట్లతోనే రోజంతా గడుపుతున్నారు. అర్ధరాత్రి మీ అబ్బాయి తెరకేసి చూస్తూ జుట్టు పీక్కుంటున్నాడంటే, అతని ఎదురుగా ఉన్నది ఇలాంటి పేజీయే కావచ్చు. ఆ పేజీ వ్రాసిన తీరునిబట్టి అతను పన్నెండింటికి పడుకుంటాడా, మూడింటికా అన్నది తేలుతుంది.

మా అక్క కూతురి ఉద్యోగం ఈ పేజీలు వ్రాయడమే. టెక్నికల్ రైటర్ అంటారు. ఇంగ్లీషు ఎం.ఏ. చదివి హైదరాబాదులో ఒక కంపెనీలో చేరింది. మా అక్క లేదు గనుక 2022లో పిల్లకి పురుడు మా ఇంట్లోనే పోశాం. సెలవు అయిపోయాక కొన్ని నెలలు మా ఇంటినుంచే పనిచేసింది. పసివాణ్ణి కాళ్ళమీద పడుకోబెట్టుకుని జోకొడుతూ, ఆఫీసువాళ్ళతో తను పడే వాదాలన్నీ నేను వింటూ ఉండేదాన్ని. నా చదువు పదో తరగతితో సరి. అయినా రేడియోకి వ్రాసే అలవాటు ఉంది గనుక ఆ పిల్ల పడే తంటా నాకు వెంటనే అర్థమైంది. మీరు నన్ను మధ్యలో ఆపి "అదేమిటండీ, మళ్ళీ చెప్పండి" అని అడగలేరు. సూచనల పేజీ చదివేవాడి గతీ అంతే. ఎదురుగా మనిషి లేడు. అడుగుదామన్నా ఉన్నది అక్షరం ఒక్కటే.

ఆ రంగంలో అందరికీ తెలిసిన ఉదాహరణ ఒకటి చెబుతాను. గిట్ అని ఒక పనిముట్టు ఉంది. లైనస్ టోర్వాల్డ్స్ అనే ఆయన 2005 ఏప్రిల్‌లో దాన్ని మొదలుపెట్టారు. లినక్స్ అనే పెద్ద ప్రోగ్రాముని నలుమూలలనుంచీ ఎందరెందరో కలిసి వ్రాస్తూ ఉంటారు. ఏ వాక్యం ఎవరు ఎప్పుడు మార్చారు, మార్చకముందు ఎలా ఉండేది అన్న లెక్క అంతా ఉంచడానికి పుట్టింది గిట్. ఇవాళ ప్రోగ్రాములు వ్రాసేవాళ్ళలో గిట్ పేరు వినని మనిషి అరుదు. పనిముట్టు గట్టిది, సందేహం లేదు. పేర్ల దగ్గరే వచ్చింది చిక్కు.

దూరదేశంలో ఉన్న కూతురికి పచ్చళ్ళ పార్సెలు కడుతున్నారనుకోండి. వంటింటి నిండా జాడీలు, పొడుల డబ్బాలు. వాటిలో ఈసారి పంపవలసినవి మాత్రం తీసి బల్లమీద పెడతాం. అన్నీ సరిచూసుకున్నాక పెట్టెలో సర్ది, అంటించి, పైన తేదీ వేస్తాం. గిట్‌లోనూ ఇవే మూడు మెట్లు. వంటిల్లులాంటిది మనం పనిచేసే చోటు. పెట్టె అంటించడాన్ని కమిట్ అంటారు. మధ్యలో బల్ల ఉంది చూశారూ, చిక్కంతా దానిది. మొట్టమొదటి వివరణలో దాని పేరు 'క్యాష్'. ఆ 2005లోనే అది 'ఇండెక్స్' అయింది. తరవాత నేర్పేవాళ్ళు 'స్టేజింగ్ ఏరియా' అనడం మొదలుపెట్టారు. బల్ల ఒకటే, పేర్లు మూడు. గిట్ పదకోశం తెరిస్తే క్యాష్ అన్న మాట ఎదురుగా, ఇది వాడుక పోయిన మాట, ఇండెక్స్ అని దీని అర్థం అని ఉంటుంది. బాగానే ఉంది. కాని బల్లమీద పెట్టినవాటిలో కొత్త మార్పు ఏమిటో చూపించమని అడగాలంటే, నేటికీ ఆజ్ఞ చివర 'క్యాష్డ్' అని చేర్చవచ్చు. 'స్టేజ్డ్' అని చేర్చినా అదే జరుగుతుంది. పదకోశంలో పోయిన మాట ఆజ్ఞలో బ్రతికే ఉందన్నమాట.

అక్కడితో అయిందా అంటే, లేదు. కొన్ని ఆజ్ఞలకి 'క్యాష్డ్' అనీ చేర్చవచ్చు, 'ఇండెక్స్' అనీ చేర్చవచ్చు. రెండూ ఒకే బల్ల పేర్లు కదా, ఏది వాడితేనేం అనుకుంటాం. అలా కాదు. మొదటిదానికి అర్థం బల్లమీద మాత్రమే మార్చు, వంటింటి జోలికి పోకు అని. రెండోదానికి అర్థం వంటింట్లోనూ మార్చు, బల్లమీదా మార్చు అని. ఈ తేడా గిట్ పుస్తకంలో ఒకచోట స్పష్టంగానే వ్రాసి పెట్టారు. ఏం లాభం, అలాంటి పేజీ ఉందని ముందే తెలిసినవాడికే గదా అది దొరికేది!

ఇది పర్యాయపదాలు తెచ్చిన తంటా. నానార్థాల తంటా కూడా ఆ గిట్‌లోనే ఉంది. అందులో పనిని కొమ్మలుగా విడదీసుకోవచ్చు. ఒక కొమ్మమీద నికరమైన పని, ఇంకో కొమ్మమీద ప్రయోగం. 'చెకౌట్' అని కొమ్మ పేరు చెబితే ఆ కొమ్మమీదికి వెళతాం. అదే 'చెకౌట్' అని ఒక ఫైలు పేరు చెబితే, ఆ ఫైలులో ఇంకా భద్రపరచని మార్పులన్నీ చెరిగిపోయి పాత ప్రతి వచ్చి కూర్చుంటుంది. ఒకటి ఈ గదిలోంచి ఆ గదిలోకి నడవడం. రెండోది పలక తుడిచెయ్యడం, అదీ "తుడవనా?" అని అడక్కుండా. నడకకీ తుడుపుకీ ఒకే పేరు పెడితే కొత్తగా నేర్చుకునేవాడి గతి ఏం కావాలి? 2019 ఆగస్టులో వచ్చిన గిట్ 2.23లో ఈ రెండు పనులనీ విడదీశారు. కొమ్మ మారడానికి 'స్విచ్', పాత ప్రతి తెచ్చుకోవడానికి 'రిస్టోర్'. పద్నాలుగేళ్ళు పట్టింది. పాత చెకౌట్‌ని మాత్రం తీసెయ్యలేదు. ఎలా తీస్తారు? అన్నేళ్ళుగా వ్రాసిన పాఠాలన్నింటిలోనూ అదే ఉంది, అందరి వేళ్ళకీ అదే అలవాటైపోయింది.

మన కూరగాయల్లోనూ ఈ తమాషా లేకపోలేదు. సొరకాయని గోదావరి జిల్లాల్లో ఆనపకాయ అంటారు. చిత్తూరు వైపు అనపకాయ అంటే చిక్కుడు జాతిది, గింజలు ఒలుచుకునేది. అటు కోడలు ఇటు వస్తే మొదటి నెల నవ్వులాటే. బజారులో అయితే ఫర్వాలేదు, వేలు పెట్టి "అదిగో, అది ఇవ్వు" అనవచ్చు. పేజీలో వేలు పెట్టి చూపించడానికి లేదు.

ఇక మా అమ్మాయి ఆఫీసు సంగతి. వాళ్ళ పనిముట్టు, ప్రోగ్రాములు వ్రాసేవాళ్ళు తమ ప్రోగ్రాము సరిగ్గా నడుస్తోందో లేదో పరీక్షించుకోవడానికి వాడేది. దాని సూచనల పేజీలు ఆరేళ్ళలో తొమ్మిదిమంది వ్రాశారు. ఒకరు వెళ్ళిపోతే ఇంకొకరు. ఎవరి మాట వారిది. ఒక పేజీలో 'రీసెట్' అంటే అమరికలు మాత్రం మొదటి స్థితికి తేవడం. ఇంకో పేజీలో 'రీసెట్' అంటే అంతవరకూ దాచుకున్న పరీక్షల ఫలితాలతో సహా అన్నీ ఊడ్చెయ్యడం. ఎక్కడో పైదేశంలో వాళ్ళ ఖాతాదారు దగ్గర పనిచేసే కుర్రవాడు మొదటి పేజీ చదివి, అర్థం బాగానే గ్రహించి, ఆజ్ఞ కోసం వెతికితే రెండో పేజీ తగిలింది. అదే మాట కదా అని అందులో ఉన్నది ఉన్నట్టు కొట్టాడు. మూడు వారాల ఫలితాలు పోయాయి. వేరే ప్రతి లేదు. అతను కోపంగా కూడా వ్రాయలేదట. "మీ పుస్తకంలో చెప్పినట్టే చేశాను" అని ఒక్క ముక్క వ్రాశాడు. ఆ ముక్క చదివి మా అమ్మాయి ఆ రాత్రి అన్నం తినలేదు. తను వ్రాసిన పేజీలు కావవి, తను చేరకముందువి. అయినా సరే.

మర్నాడు ఫోనులో పెద్ద ఇంజనీరుగారి మాట నాకు వినబడింది. "అనుభవం ఉన్నవాడైతే తెలుసుకునేవాడు" అన్నారాయన. "అనుభవం ఉన్నవాడు పుస్తకం ఎందుకు తెరుస్తాడు సార్?" అంది ఈ పిల్ల. నాకు లేచి భుజం తట్టాలనిపించింది, ఒళ్ళో వాడు నిద్రపోతున్నాడని ఊరుకున్నాను.

అప్పుడు మొదలైంది అసలు పని. మా ఇంట్లో పాత క్యాలెండరు కాగితాలు దాచే అలవాటు నాకుంది. వాటి వెనకవైపు ఆ పిల్ల ఒక పట్టీ వ్రాయడం మొదలుపెట్టింది. ఒక గడిలో వాడవలసిన మాట. ప్రక్కన ఒక్క వాక్యంలో దాని అర్థం. ఆ ప్రక్కన ఆ అర్థానికి వాడకూడని మాటలు. చివర, ఆ పేరు ఏ తేదీనుంచి అన్నది. వినడానికి చాకలిపద్దులా ఉంది కదూ? కాని పోగొట్టే పనికి వాళ్ళ పేజీల్లో ఎన్ని మాటలు దొరికాయో తెలుసా? డిలీట్, రిమూవ్, ఎరేజ్, క్లియర్, పర్జ్, డిస్కార్డ్, డ్రాప్. ఏడు. ఇవన్నీ ఒకటేనా, వేరువేరా అని ఇంజనీర్లని ఒక్కొక్కరినీ అడిగింది. ఒక్కొక్కరు ఒక్కో జవాబు చెప్పారు. ఆఖరికి ప్రోగ్రాము తెరిచి చూస్తే నిజానికి జరిగే పనులు మూడు. జాబితాలోంచి పేరు తీసెయ్యడం, వస్తువు మాత్రం అలాగే ఉంటుంది. వస్తువునే తీసెయ్యడం, దాచిన నకలు ఉంటుంది. నకలుతో సహా లేకుండా చెయ్యడం.

మనం చీర సంగతి చెప్పుకున్నా ఇంతే కదా. "ఆ చీర తీసేశానే" అంటే బీరువాలో పై అరలోంచి తీసి అడుగున పెట్టారా, స్టీలు సామాన్లవాడికి వేసేశారా? రెండోదైతే మళ్ళీ కట్టుకోవడం అంటూ ఉండదు.

ఇక్కడే నాకొక సంగతి తట్టింది. మాట ఒక్కటిగా ఉండాలన్న పట్టుదల, పైకి చూస్తే వ్రాతగాళ్ళ చాదస్తంలా కనిపిస్తుంది. కాని ఆ పిల్ల మాటకోసం పట్టుపట్టకపోతే, ఆ పనిముట్టు ఎన్ని రకాలుగా పోగొడుతుందో తయారుచేసినవాళ్ళకే పూర్తిగా తెలియలేదన్న సంగతి బయటపడేది కాదు. పేర్లు కలగాపులగంగా ఉన్నాయంటే, చాలాసార్లు లోపల ఆలోచనే కలగాపులగంగా ఉందన్నమాట.

ఇంకో చిక్కు, మన ఊహకి అందనిది. ఈ పేజీలని ఎవరూ మొదటినుంచి చివరదాకా చదవరు. కావలసిన మాట కొట్టి వెతుక్కుంటారు. చదివేవాడు 'డిలీట్' అని వెతికితే, మీరు సొగసుకోసం 'ఎరేజ్' అని వ్రాసి ఉంటే, ఆ పేజీ చేతికి దొరక్కపోవచ్చు. వ్రాసీ లేనట్టే. మాట మళ్ళీ మళ్ళీ వస్తే విసుగు పుట్టదా అని వాళ్ళ ఆఫీసులోనే ఒకాయన అడిగారట. అర్ధరాత్రి పని ఆగిపోయి వచ్చినవాడు సొగసు చూడడు. నీళ్ళకోసం వచ్చినవాడికి చెంబుమీద నగిషీ ఎందుకు?

పేరు మార్చవలసి వస్తే అన్నిచోట్లా ఒక్కసారే మార్చాలి. గిట్‌హబ్ వాళ్ళు 2020 అక్టోబరు 1 నుంచి, కొత్తగా మొదలుపెట్టే పనుల్లో మొదటి కొమ్మ పేరు 'మాస్టర్' బదులు 'మెయిన్' అని మార్చారు. యజమాని, బానిస అన్న వాసన ఉన్న మాటలు వద్దన్న ఉద్దేశంతో చేశారు, మంచి మాటే. కాని మాస్టర్ అని వ్రాసి ఉన్న పాత పాఠాలు ఎక్కడివక్కడే ఉండిపోయాయి. కొత్తగా నేర్చుకునే పిల్లలు వాటిని చూసి యథాతథంగా కొడితే, అలాంటి కొమ్మ లేదు పొమ్మంటుంది. తప్పు తమదే అనుకుని ఎంతమంది కుమిలిపోయారో.

మాటలే కాదు, వాక్యం కట్టడంలోనూ ఒకే పద్ధతి ఉండాలి. గూగుల్ వాళ్ళు తమ వ్రాత నియమాల పుస్తకాన్ని 2017లో అందరికీ చదువుకోవడానికి పెట్టారు. అందులో ఒక నియమం నాకు భలే నచ్చింది. షరతు ముందు చెప్పు, పని తరవాత చెప్పు. ఇంగ్లీషులో 'ఈ బటను నొక్కండి, మీకు ఫైళ్ళు అక్కర్లేకపోతే' అన్న వరసలో వ్రాసే వీలుంది. చదివేవాడు మొదటి సగం చదవగానే నొక్కేస్తాడు, రెండో సగం చేరేసరికి ఫైళ్ళు ఉండవు. మన తెలుగుకి ఈ బాధ సహజంగానే తక్కువ. 'ఉప్పు చాలకపోతే వేసుకోండి' అంటాం. షరతే ముందొస్తుంది, క్రియ చివరికి వస్తుంది. ఎవరూ నేర్పకుండానే మన వాక్యం ఈ నియమం పాటిస్తోంది.

ఒక్క విషయంలో మాత్రం మన భాష కొంచెం ఇబ్బంది పెడుతుంది. ఇంటర్నెట్ నడవడానికి ఏర్పరచుకున్న నియమాల పత్రాల వరసలో 2119 అన్న అంకె ఉన్న చిన్న పత్రం ఉంది. 1997 మార్చిలో స్కాట్ బ్రాడ్‌నర్ అనే ఆయన వ్రాశారు. మస్ట్, షుడ్, మే అన్న మాటలకి హద్దులు గీశారు అందులో. మస్ట్ అంటే తప్పించుకోవడానికి వీల్లేదు. షుడ్ అంటే చెయ్యడమే మంచిది, తగిన కారణం ఉండి, మానేస్తే ఏమవుతుందో తెలిసి ఉంటే మానవచ్చు. మే అంటే మీ ఇష్టం. ఈ మాటలు పెద్దక్షరాల్లో వ్రాసినప్పుడే ఆ కట్టుదిట్టమైన అర్థమని 2017 మే నెలలో ఇంకో పత్రంలో తేల్చి చెప్పారు. తెలుగులో పెద్దక్షరాలు లేవు. పైగా 'చెయ్యాలి' అన్న ఒక్క మాటనే ఆజ్ఞకీ వాడతాం, సలహాకీ వాడతాం. అత్తగారు 'పాలు కాచాలి' అంటే ఏ పాటి 'చెయ్యాలి' అన్నది గొంతునిబట్టి తెలిసిపోతుంది. కాగితానికి గొంతు లేదు కదండీ. అందుకని తెలుగులో సూచనలు వ్రాసేవాళ్ళు 'తప్పనిసరిగా', 'మంచిది', 'మీ ఇష్టం' అన్న మూడింటినీ ముందే నిర్ణయించుకుని, అవే వాడుతూ పోవడం మేలు.

ఇదేదో ఈ కాలం పిల్లలు కనిపెట్టిన కొత్త గొడవ అనుకోకండి. అమెరికాలో బెల్ ప్రయోగశాలలో కెన్ థామ్సన్, డెనిస్ రిచీ అనే ఇద్దరు యూనిక్స్ అనే వ్యవస్థకి వ్రాసిన సూచనల పుస్తకం మొదటి కూర్పుమీద 1971 నవంబరు 3 అని తేదీ ఉంది. అందులో ప్రతి ఆజ్ఞకీ ఒకే వరస. పేరు, వాడే తీరు, వివరణ, సంబంధించిన ఫైళ్ళు, ఇంకా ఏవి చూడాలి. ఏ పేజీ తెరిచినా ఏది ఎక్కడుంటుందో వెతుక్కోనక్కర్లేదు, తెలిసిన వంటింట్లో పోపులపెట్టె చేతికి తగిలినట్టు. ఆ వరసలో 'బగ్స్' అని ఒక శీర్షిక కూడా ఉంది. ఈ ఆజ్ఞలో ఉన్న లోపాలు ఇవీ అని తయారుచేసినవాళ్ళే వ్రాసి పెట్టారు. మిక్సీతో వచ్చే పుస్తకంలో అలాంటి శీర్షిక నేనింతవరకూ చూడలేదు. యాభై ఏళ్ళు దాటినా ఆ వరస ఇంకా చాలావరకు అలాగే నడుస్తోంది.

విమానాలవాళ్ళది ఇంకా గట్టి కట్టడి. విమానం మరమ్మతు చేసే మెకానిక్కులందరి మాతృభాషా ఇంగ్లీషు కాదు గదా. అందుకని 1980ల్లో ఐరోపా విమాన పరిశ్రమవాళ్ళు సరళమైన ఇంగ్లీషు ఒకటి ఏర్పరిచారు. ఒక మాటకి ఒకే అర్థం. 'ఫాలో' అంటే వెనక రావడం మాత్రమే. 'సూచనలు ఫాలో అవండి' అని వ్రాయడానికి వీల్లేదు, దానికి వేరే మాట ఉంది. పని చెప్పే వాక్యం ఇరవై మాటలు దాటకూడదు. అక్కడ మాట తప్పితే పోయేది ఫైలు కాదు మరి.

మా అమ్మాయి పట్టీలోని మాటలని కాపలా కాయడానికి ఇప్పుడొక ప్రోగ్రాము పెట్టారు. 'వేల్' అని దాని పేరు. ఎవరైనా పట్టీలో వద్దన్న మాట వ్రాస్తే వెంటనే చూపిస్తుంది. మొదటివారం మహా సందడి చేసింది. ఆకాశం 'క్లియర్'గా ఉందన్నట్టు మామూలు అర్థంలో వ్రాసిన 'క్లియర్'ని కూడా పట్టుకుంది. రాళ్ళు ఏరమంటే నూకలు కూడా ఏరి పారేసే పనిమనిషి ఉంటుంది చూడండి, అలా. ఏ మాట ఎందుకు వద్దో తెలిసిన మనిషి దాని ప్రక్కన ఉండితీరాలి.

ఇంతా చేసి ఆ పిల్లకి దక్కిన గౌరవం ఏమిటో కూడా చెప్పాలి. పిల్లవాడి అన్నప్రాసనకి వచ్చిన మా చుట్టం ఒకావిడ "అయితే కంప్యూటరు ఇంజనీరు కాదన్నమాట, కూర్చుని వ్రాసే గుమాస్తా పనన్నమాట" అంది. ఆవిడకి తెలియదు, సరే. ఆఫీసులోనూ ఆ ఏడు జీతాలు పెంచేటప్పుడు అదే జరిగింది. కొత్తగా ఏం తయారుచేశావని అడిగారట. ఏడు మాటలని మూడు చేశానంటే అది లెక్కలోకి వచ్చే పని కాదు. రోజూ ఇల్లు ఊడ్చేవాళ్ళం కదా, ఈ ధోరణి మనకి కొత్తదేమీ కాదు. ఊడ్చిన రోజు ఎవరికీ కనిపించదు, ఊడ్వని రోజు అందరికీ కనిపిస్తుంది. మీ ఇంట్లో ఆడపిల్లకి ఇలాంటి ఉద్యోగం వస్తే, సంబంధాలు చూసేటప్పుడు దాన్ని తగ్గించి చెప్పకండి, దయచేసి.

ఆ పిల్ల మాత్రం ఒకటి సాధించింది. ఇదివరకు పనిముట్టు అంతా తయారయ్యాక "దీన్ని గురించి వ్రాయి" అని పంపేవారు. 2024నుంచి కొత్త ఆజ్ఞ ఏదైనా చేర్చాలంటే, ఒక్క అక్షరం ప్రోగ్రాము వ్రాయకముందే పేరు పెట్టే సమావేశానికి ఆమెని పిలుస్తున్నారు. ఆ పేరుకి పట్టీలో గడి దొరికితేనే పని మొదలవుతుంది. దొరక్కపోతే అందరూ కూర్చుని తేల్చుకోవలసిందే.

మీరు ఓపికగా విన్నారు గనుక చివరికి ఒక చిన్న పని చెబుతాను. మీ ఫోనులో భాషని తెలుగుకి మార్చి ఒక పూట వాడి చూడండి. ఒకచోట 'తొలగించు' అని ఉంటుంది, ఇంకోచోట 'తీసివేయి' అని ఉంటుంది. ఏది నొక్కితే ఫొటో ఆల్బంలోంచి మాత్రం పోతుందో, ఏది నొక్కితే ఫొటోయే పోతుందో ఊహించి ఒక కాగితంమీద వ్రాసుకోండి. నొక్కేముందు మనవల ఫొటోలు మాత్రం వేరే చోట దాచుకోండి. సెలవు.